ఎచిజెన్ కొలిమి దగ్గర నేర్చుకున్నవి

అందరికీ నమస్కారం. ఆదివారం సాయంత్రం ఇంట్లో ఎన్ని పనులున్నా వీలు చేసుకుని వచ్చారు, చాలా సంతోషం. జపాన్ కత్తుల మీద ప్రసంగం అనగానే "సమురాయ్ కత్తులేనా?" అని చాలామంది అడిగారట. కాదండీ, నేను మాట్లాడబోయేది వంటింటి కత్తి గురించి. ఉల్లిపాయలు, వంకాయలు తరుక్కునే కత్తి. జపాన్ వెళ్ళినప్పుడు ఫుకుయి ప్రిఫెక్చర్‌లోని ఎచిజెన్ అనే ఊళ్ళో, కొత్తవాళ్ళకి కత్తి చేయడం నేర్పే ఒక తరగతిలో చేరాను. పొద్దున ఒక ఇనుప పట్టీ చేతికిస్తారు. సాయంత్రానికి అది పిడి బిగించిన కత్తి అవుతుంది. ఆ మధ్యలో ఏం జరుగుతుందో, దాన్ని దగ్గరనుంచి చూడటం ఎందుకు విలువైనదో చెప్తాను.

ముందు ఆ సమురాయ్ సంగతి తేల్చేద్దాం. జపాన్‌లో సంప్రదాయ ఖడ్గం చేయాలంటే ప్రభుత్వ సాంస్కృతిక శాఖ అనుమతి కావాలి. అనుమతి ఉన్న గురువు దగ్గర కనీసం 5 ఏళ్ళు శిష్యరికం చేసి, ఆ శాఖ పెట్టే శిక్షణ కూడా పూర్తి చేసినవాళ్ళకే అది దొరుకుతుంది. తయారైన ప్రతి ఖడ్గాన్నీ రిజిస్టర్ చేయించాలి. కాబట్టి యాత్రికులు ఒక్క రోజులో ఖడ్గం చేసుకుని ఇంటికి తెచ్చుకోవడం కుదిరే పని కాదు. ఖడ్గాల కోసం తతారా అనే పెద్ద మట్టి కొలిమిలో ఇనుప ఇసుకని కరిగించి తీసే తమహగానె ఉక్కు కూడా ఈ తరగతుల్లో కనబడదు. ఆ ఉక్కుని ఇప్పటికీ షిమానె ప్రాంతంలో, ముఖ్యంగా ఖడ్గాల కోసమే తీస్తున్నారు. 1977లో ఆ కొలిమిని మళ్ళీ వెలిగించారు. వంటకత్తులకి వాడేది ఫ్యాక్టరీలో తయారైన శుద్ధమైన కార్బన్ ఉక్కు. అదేమీ తక్కువ రకం కాదు. వంటింటి పనికి అదే సరైనది.

వంటకత్తులకి పేరున్న ఊళ్ళు జపాన్‌లో చాలానే ఉన్నాయి. ఒసాకా పక్కన సకాయ్, గిఫులో సెకి, నీగాతాలో సాన్జో, హ్యోగోలో మికి, ఇంకా కోచి ప్రాంతంలో తోసా కత్తులు. సకాయ్‌లో ఇనుము సాగగొట్టేవాళ్ళు వేరు, సాన పట్టేవాళ్ళు వేరు, పిడి బిగించేవాళ్ళు వేరు. ఒకే కత్తి అన్ని చేతులూ తిరిగి కొట్టుకి చేరుతుంది. పెద్ద ఊళ్ళలో యాత్రికులకి దొరికే తరగతులు చాలావాటిలో, సిద్ధంగా ఉన్న అలుగుకి పిడి తొడిగి పదును పెట్టుకోవడమే ఉంటుంది. సాన్జోలో కమ్మరిపని నేర్పే ఒక శిక్షణశాల ఉంది. అక్కడ దాదాపు 15 సెంటీమీటర్ల పెద్ద మేకుని కాల్చి సాగగొట్టించి, ఉత్తరాలు కోసుకునే చిన్న కత్తి చేయిస్తారు. పిల్లలతో వెళ్ళేవాళ్ళకి అది బాగుంటుంది. నాకు మాత్రం నిప్పు ముందు నిలబడి మొదటినుంచి చివరిదాకా చూడాలని ఉండింది. అలాంటి తరగతి కోసం వెతికితే ఎచిజెన్ తగిలింది.

క్యోటో నుంచి ఎక్స్‌ప్రెస్ రైలెక్కి త్సురుగాలో దిగి, అక్కడ షింకన్‌సెన్ అనే బుల్లెట్ రైలు ఎక్కితే ఎచిజెన్ తకెఫు స్టేషన్ వస్తుంది. 2024 మార్చిలో ఆ లైను త్సురుగా దాకా పొడిగించాక ఈ దారి వచ్చింది. చుట్టూ వరిపొలాలు, వెనక కొండలు. ఆ వరిపొలాలకీ ఈ కత్తులకీ సంబంధం ఉంది. 1337లో క్యోటో నుంచి చియోజురు కునియాసు అనే ఖడ్గాల కమ్మరి, తన పనికి అనువైన చోటు వెతుక్కుంటూ ఇక్కడికి వచ్చాడని, ఖడ్గాలతోపాటు చుట్టుపక్కల రైతులకి కొడవళ్ళు కూడా చేసిచ్చాడని, ఊరి పని అక్కడే మొదలైందని స్థానికులు చెప్పుకుంటారు. అంటే ఈ ఊరికి పేరు తెచ్చింది కొడవలి. చెక్కసామాన్లకి మెరుపు పూతగా వాడే ఉరుషి చెట్ల పాలు తీసే పనివాళ్ళు ఈ ప్రాంతంనుంచి దేశమంతా తిరిగేవాళ్ళు. వాళ్ళతోపాటు ఎచిజెన్ కొడవళ్ళు కూడా ఊరూరికీ చేరాయి. 1876లో మేజీ ప్రభుత్వం నడుముకి ఖడ్గం పెట్టుకుని తిరగడాన్ని నిషేధించాక చాలాచోట్ల ఖడ్గాల కమ్మరులు వంటకత్తులవైపు మళ్ళారు. ఎచిజెన్ వాళ్ళు మాత్రం అప్పటికే కొన్ని వందల ఏళ్ళుగా పొలం పనిముట్లు చేస్తున్నారు. 1979లో జపాన్ ప్రభుత్వం ఈ ఊరి కత్తుల పనిని సంప్రదాయ హస్తకళగా గుర్తించింది. కత్తుల తయారీలో ఆ గుర్తింపు మొట్టమొదట వచ్చింది వీళ్ళకే.

ఈ ఊళ్ళో తకెఫు నైఫ్ విలేజ్ అని ఒక చోటుంది. తప్పకుండా చూడండి. విడివిడిగా నడిచే చిన్న చిన్న కత్తుల సంస్థలు కలిసి 1993లో కట్టుకున్న ఉమ్మడి పనిశాల అది. పోటీదారులే అందరూ, కానీ ఒకే కప్పు కింద పని చేసుకుంటారు. సందర్శకులు పైనుంచి నడుస్తూ కింద జరిగే పనంతా చూడొచ్చు. కొత్త కుర్రాళ్ళు, అమ్మాయిలు కూడా యంత్రాల దగ్గర పని నేర్చుకుంటూ కనిపించారు. చేతిపనులు ఒక తరంతో ఆగిపోతున్నాయని మనం బాధపడుతుంటాం కదా, ఆగకుండా ఉండాలంటే ఏం చేయొచ్చో ఆ కప్పు కింద కనబడుతుంది. ఖరీదైన యంత్రాలు, స్థలం, నేర్చుకోవడానికి వచ్చే పిల్లలు, ఇవన్నీ ఒక్క కుటుంబం మోయలేని బరువులు. పదిమంది కలిస్తే మోయగలరు.

నేను నేర్చుకున్నది అదే ఊళ్ళో ఒక చిన్న కమ్మరిశాలలో. నేర్పినాయన పెద్దవారు, మాట తక్కువ. పక్కన ఇంగ్లీషు వచ్చిన ఒకమ్మాయి మాటలు అందించింది. నూలు బట్టలు వేసుకురమ్మని ముందే చెప్పారు. నిప్పురవ్వ పడితే పాలిస్టర్ కరిగి ఒంటికి అంటుకుంటుంది. నూలు అయితే చిన్న చిల్లుతో సరిపోతుంది. కాళ్ళకి బూట్లు, కళ్ళకి అద్దాలు, చెవులకి బిరడాలు. బెల్టుతో నడిచే యంత్రపు సుత్తి మోత మొదలయ్యాక ఆ బిరడాలు ఎందుకో అర్థమైంది. ఆ యంత్రం ముందు నేలలో గొయ్యి తవ్వి ఉంటుంది. కమ్మరి ఆ గోతిలో దిగి నిలబడితే దాగలి, అంటే ఇనుముని పెట్టి కొట్టే దిమ్మ, ఆయన నడుము ఎత్తుకి వస్తుంది. సరుకంతా నేలమీదే ఉంటుంది కాబట్టి వంగి ఎత్తే పని తగ్గుతుంది.

మొదటి పాఠం ఒక చిన్న ఇనుప ముక్కతో. జపాన్ వంటకత్తిలో రెండు లోహాలుంటాయి. కోసే అంచు గట్టి ఉక్కు, దాన్ని పట్టుకుని ఉండే ఒళ్ళు మెత్తని ఇనుము. తెల్ల కాగితం నంబర్ 2 అనే పేరున్న ఉక్కులో వందకి సుమారు 1.1 పాళ్ళు కార్బన్ ఉంటుంది. మెత్తని ఇనుములో దాదాపు ఉండదు. మొత్తం గట్టి ఉక్కుతోనే చేస్తే కత్తి సులువుగా విరుగుతుంది, సాన పట్టడానికి ఎంతో సేపు పడుతుంది. పైగా పాతకాలంలో ఉక్కు ఖరీదు, ఇనుము చవక. అందుకని ఉక్కుని అవసరమైనచోటే వాడటం అలవాటైంది. యనాగిబా, దెబా లాంటి చేపల కత్తులకి ఒకవైపు ఉక్కు, ఒకవైపు ఇనుము. కూరగాయల నకిరికి, అన్నింటికీ పనికొచ్చే సాంతోకుకి ఎక్కువగా మధ్యలో ఉక్కు, రెండువైపులా ఇనుము.

ఈ రెండింటినీ అతికించడం ఆయన మాకు చేసి చూపించారు. ఇనుప పట్టీని కాల్చి, మీద వెలిగారం, ఇనుప రజను కలిపిన పొడి చల్లి, దానిమీద ఉక్కు ముక్క పెట్టి, మళ్ళీ కొలిమిలో పెట్టారు. వెలిగారం కరిగి, పైన పట్టిన చిట్టాన్ని కరిగించి బయటికి నెట్టేస్తుంది. వేడి 1000 డిగ్రీల దగ్గరికి వచ్చాక బయటికి తీసి, మొదట చిన్న చిన్న దెబ్బలు. అవి పడగానే మధ్యలోంచి ద్రవం చిమ్మింది. తర్వాత గట్టి దెబ్బలు. అంతే, రెండూ ఒకటైపోయాయి. జిగురు లేదు, మేకు లేదు. వేడి తక్కువైతే అతుకు పడదు. ఎక్కువైతే ఉక్కులోని కార్బన్ కాలిపోతుంది, ఉక్కు పాడవుతుంది. ఇది కొత్తవాళ్ళ చేత చేయించరు. చేయించకపోవడమే న్యాయం అనిపించింది నాకు. మాకు ఇచ్చింది ముందే అతికించి సిద్ధం చేసిన పట్టీ. అలాంటి పట్టీలు తయారుచేసే పెద్ద సంస్థ తకెఫు స్పెషల్ స్టీల్ కూడా ఈ ఊరిదే. ప్రపంచమంతా వాడే వీజీ10 అనే స్టెయిన్‌లెస్ ఉక్కు వాళ్ళదే.

ఇక మా పని. పట్టుకారుతో పట్టీని కొలిమిలో పెట్టి, రంగు చూస్తూ నిలబడాలి. ముదురు ఎరుపు, తర్వాత మామూలు ఎరుపు, తర్వాత నారింజ, తర్వాత పసుపు. నారింజ రంగు వచ్చాక తీసి దాగలి మీద పెట్టి సాగగొట్టాలి. ఎరుపు మసకబారుతుండగానే ఆపి మళ్ళీ కొలిమిలో పెట్టాలి. చల్లారిన ఇనుముని కొడితే సాగదు, పైగా పగులు వస్తుంది. ఇనుము కాలినప్పుడే సాగగొట్టాలని మన పెద్దవాళ్ళు అనే మాటని నేను చిన్నప్పటినుంచి వింటున్నాను. చేత్తో పట్టుకుని నిలబడితే ఆ సమయం ఎంత తక్కువో తెలుస్తుంది. కొలిమిలోంచి దాగలి మీదకి వచ్చేసరికే రంగు దిగిపోతూ ఉంటుంది. పల్చబడేకొద్దీ ఇంకా తొందరగా చల్లారుతుంది.

ఈ పల్చని అలుగు తొందరగా చల్లారే సమస్యకి ఎచిజెన్ కమ్మరులు కనిపెట్టిన ఉపాయం నన్ను ఎంతో ఆకట్టుకుంది. రెండు అలుగుల్ని ఒకదానిమీద ఒకటి పెట్టి, రెండింటినీ కలిపి యంత్రపు సుత్తి కింద సాగగొడతారు. మందం రెట్టింపు కాబట్టి వేడి నిలుస్తుంది. మధ్యమధ్యలో పైది కిందికి, కిందది పైకి మారుస్తారు. రెండూ సమానంగా సాగుతాయి. ఆయన ఎడమచేతిలో పట్టుకారు, కుడికాలితో యంత్రం వేగం, కళ్ళు అలుగు మీద. ఒక్క దెబ్బ వృథా కాలేదు. మాకు చేతిసుత్తితో సాగగొట్టడం, యంత్రం దగ్గర ఆయన చెయ్యి పక్కన చెయ్యి పెట్టి పట్టుకోవడం వరకే ఉంటుంది. అదీ కొద్దిసేపు. దాగలి మీద నీళ్ళు చల్లి కొట్టే పద్ధతి కూడా చూపించారు. కాలిన ఇనుము కింద నీళ్ళు ఒక్కసారిగా ఆవిరై పేలుతాయి. ఆ దెబ్బకి పైనున్న నల్లటి చిట్టం పొరలు పొరలుగా ఎగిరిపోతుంది, అలుగు శుభ్రమవుతుంది. ఆ చప్పుడు తుపాకీ పేలినంత ఉంటుంది, చెవి బిరడాలున్నా ఉలిక్కిపడతాం.

ఒక మాట సూటిగా చెప్పాలి. ఇలాంటి తరగతినుంచి తెచ్చుకున్న కత్తిని "నేనే చేశాను" అని చూపించుకుంటాం. అందులో మన చెయ్యి కొంతే. ఆకారం కత్తిరించి ఇచ్చింది ఆయన, వంకరలు తీసింది ఆయన, పెద్ద సాన మీద అలుగుని పల్చన చేసింది ఆయన. కానీ అందువల్ల తరగతి విలువ తగ్గదు. ఏ దశలో ఆయన మన చేతిలోంచి పట్టుకారు తీసుకున్నారో గమనిస్తే, ఈ పనిలో కష్టం ఎక్కడుందో తెలిసిపోతుంది. ఆ దశలన్నింటిలోనూ నాకు కనిపించిన ఉమ్మడి విషయం వేడి. బలం అవసరమైనచోట మమ్మల్ని కొట్టనిచ్చారు. వేడిని చూసి నిర్ణయం తీసుకోవాల్సినచోట తాను నిలబడ్డారు.

మధ్యాహ్నం భోజనాలయ్యాక నీళ్ళలో ముంచే ఘట్టం వచ్చింది. దాని వెనకున్న సైన్స్ కొంచెం చెప్పుకోవాలి. మామూలు వేడిలో ఇనుప అణువులు ఒక అమరికలో ఉంటాయి. అందులో కార్బన్‌కి చోటు దాదాపు లేదు. 727 డిగ్రీలు దాటాక అమరిక మారుతుంది, కార్బన్ ఇనుములో కరిగి కలిసిపోతుంది. మెల్లగా చల్లారనిస్తే ఆ కార్బన్ మళ్ళీ విడిపోతుంది, ఇనుము మెత్తబడిపోతుంది. అదే ఒక్కసారిగా నీళ్ళలో ముంచితే కార్బన్‌కి బయటపడే టైమ్ ఉండదు. లోపలే ఇరుక్కుపోతుంది. ఇనుము పాత అమరికకి వెళ్ళలేక, బిగుసుకున్న ఇంకో అమరికలో ఆగిపోతుంది. దాన్ని మార్టెన్‌సైట్ అంటారు. కత్తి గట్టిదనం దానివల్లే. పక్కనున్న మెత్తని ఇనుములో కార్బన్ లేదు కాబట్టి అదే నీళ్ళలో మునిగినా అది మెత్తగానే ఉంటుంది.

ఇది జరగాలంటే అలుగు దాదాపు 780 నుంచి 800 డిగ్రీల మధ్య ఉండాలి. తక్కువైతే గట్టిపడదు. ఎక్కువైతే ఉక్కులోని రేణువులు పెద్దవైపోతాయి. ఆయన రెండు విరిచిన ఉక్కు ముక్కలు చూపించారు. ఒకటి ఎక్కువ కాలినది, విరిగినచోట పంచదార పలుకుల్లా మెరుస్తోంది. రెండోది సరిగ్గా కాలినది, అక్కడ మెరుపే లేదు, నున్నటి బూడిదరంగు. మెరిసేది చేత్తోనే విరిగింది. నిజం చెప్పాలంటే చూపు మెరిసేదానివైపే పోతుంది, అదే మంచిదనిపిస్తుంది. ఆ రెండు ముక్కలు పక్కపక్కన పెట్టి చూశాక ఇంక ఆ పాఠం మర్చిపోలేం.

అలుగులన్నింటికీ ముందే పల్చగా బురద పూసి ఆరబెట్టారు. కాలిన ఇనుముని నీళ్ళలో ముంచితే చుట్టూ ఆవిరి పొర కట్టి, నీళ్ళని తగలనివ్వదు. ఒకచోట తొందరగా, ఒకచోట మెల్లగా చల్లారి అలుగు వంకరపోతుంది, ఒక్కోసారి పగులుతుంది. బురద పూత ఉంటే ఆవిరి పొర నిలవదు, అంతటా ఒకేలా చల్లారుతుంది. తర్వాత ఆయన కిటికీల తలుపులు మూసేశారు, లైట్లు ఆర్పేశారు. ఎండలో 800 డిగ్రీల ఎరుపు మసకగా కనిపిస్తుంది, చీకట్లో అదే ఎరుపు వెలిగిపోతుంది. రోజూ ఒకే చీకటిలో చూస్తేనే కంటికి కొలత కుదురుతుంది. పనిశాలలో థర్మామీటర్ కూడా ఉంది. అయస్కాంతంతో చూసే పద్ధతి కూడా ఆయన చెప్పారు. ఇనుము 770 డిగ్రీలు దాటితే అయస్కాంతానికి అంటుకోదు. అయినా ఆయన చూసింది రంగునే. అలుగు మడమనుంచి, అంటే పిడి వైపు చివరనుంచి, మొన దాకా ఒకే ఎరుపు వచ్చేదాకా అలుగుని నిప్పులో ముందుకీ వెనక్కీ జరిపిస్తూనే ఉన్నారు. మొన పల్చన కాబట్టి ముందు కాలిపోతుంది, దాన్ని నిప్పుకి దూరంగా పట్టాలి. పట్టుకారు నా చేతిలో, ఆయన చూపు అలుగు మీద. ఒక్క మాట అన్నారు, తిన్నగా నీళ్ళలోకి దించేశాను. ఆ కొద్ది క్షణాలు ఉన్న టెన్షన్ నేను మాటల్లో చెప్పలేను. బయటికి తీశాక ఆకురాయితో అంచుని రుద్ది చూపించారు. పొద్దున అదే ఆకురాయి కరకరమని కొరికిన ఉక్కు మీద ఇప్పుడు జారిపోతోంది.

అప్పుడు అలుగు గాజులా... కాదు, పోలికలెందుకు, కింద పడితే విరిగేంత పెళుసుగా ఉంటుంది. దాన్ని మళ్ళీ 150 నుంచి 200 డిగ్రీల మధ్య కాసేపు వేడిచేస్తే కొంచెం గట్టిదనం తగ్గి, తట్టుకునే గుణం వస్తుంది. పాత పద్ధతిలో అలుగు మీద నీటిచుక్క వేసి, అది ఎలా చిందులు వేస్తోందో చూసి ఈ వేడిని గుర్తుపడతారు. మావి నూనెలో వేడిచేశారు. ఈ అంకె, 200, దయచేసి గుర్తుపెట్టుకోండి. చివర్లో మళ్ళీ దీని అవసరం పడుతుంది.

మన తెలుగు నేలకి ఈ ఉక్కు కథలో చాలా పెద్ద చోటుంది, అది చెప్పకుండా ముందుకి వెళ్ళలేను. నిజామాబాద్ జిల్లా కమ్మర్‌పల్లి మండలంలో కోనసముద్రం అని ఊరుంది. అక్కడ ఇనుముని, బొగ్గు పుట్టించే పదార్థాలని మట్టిమూసల్లో పెట్టి, మూత మూసి గంటల తరబడి కాచి, మెల్లగా చల్లార్చి ఉక్కు ముద్దలు తీసేవాళ్ళు. వాటిని కొనడానికి పర్షియా వర్తకులు ఆ ఊరిదాకా వచ్చేవాళ్ళు. వాయ్సీ అనే ఇంగ్లీషు డాక్టరు, ఈ ప్రాంతాల్లో భూగర్భ సర్వే చేసినాయన, ఆ పద్ధతిని రాసిపెట్టారు. అది 1832లో అచ్చయింది. ఆ ఉక్కులో కార్బన్ జపాన్ వంటకత్తి ఉక్కుకన్నా కూడా ఎక్కువ, చాలా ముక్కల్లో వందకి ఒకటిన్నర పాళ్ళ దగ్గర. అంత కార్బన్ ఉన్న ఉక్కుని పసుపురంగు దాకా కాలిస్తే సుత్తి దెబ్బకి పొడైపోతుంది. తక్కువ ఎరుపులోనే ఓపిగ్గా సాగగొట్టాలి. ఆ రంగు తెలిసిన కళ్ళు ఇక్కడ ఉండేవి. ఎచిజెన్‌లో ఆ ఎరుపు చూస్తున్నంతసేపూ నాకు కోనసముద్రమే గుర్తొచ్చింది. జపాన్‌లో ఒక ఊరివాళ్ళు కలిసి కప్పు కట్టుకుని తమ పనిని నిలబెట్టుకున్నారు. ఇక్కడ ఆ పని పూర్తిగా ఆగిపోయింది, చిట్టెపు రాళ్ళు, మూసల పెంకులు మిగిలాయి. మన స్కూలు పిల్లల్ని ఎంతమందిని ఆ ఊరికి తీసుకెళ్ళి చూపించాం? ఇది నా మనసులో ఉన్న బాధ, చెప్పేశాను.

సరే, కత్తి దగ్గరికి వద్దాం. అలుగుని పెద్ద సాన మీద ఆయన పల్చన చేసిచ్చాక, రాయి మీద పదును పెట్టడం మా వంతు. నానబెట్టిన రాయి, 1000 నంబరుది. నంబరు పెరిగేకొద్దీ రాయి నున్నగా ఉంటుంది. అలుగుని రాయికి 15 డిగ్రీల వాలులో పట్టుకోవాలి. నాలుగున్నర సెంటీమీటర్ల వెడల్పున్న అలుగైతే, కత్తి వీపు రాయినుంచి ఒక సెంటీమీటరుకి కొంచెం పైన ఉంటే సుమారుగా ఆ వాలు వస్తుంది. ఒకవైపు రుద్దుతుంటే అవతలివైపు అంచున సన్నని గరుకు లేస్తుంది. వేలితో అడ్డంగా తడిమితే తెలుస్తుంది. మొన నుంచి మడమ దాకా ఆ గరుకు వస్తేనే అటు తిప్పాలి. చాలామంది ఇన్నిసార్లు రుద్దాలని లెక్కపెడతారు. లెక్క అక్కర్లేదు, గరుకు వచ్చిందా లేదా అన్నదే చూడాలి. తర్వాత 3000 నంబరు రాయి మీద ఆ గరుకుని తీసేయాలి. తరగతిలో అన్నిటికన్నా ఎక్కువ ఇంటికి పనికొచ్చే పాఠం ఇదే. కాబట్టి మీరెవరైనా ఇలాంటి తరగతి ఎంచుకుంటే, పదును పెట్టడం మీ చేతే చేయిస్తారో లేదో ముందే అడగండి. యంత్రం మీద పదును పెట్టి డబ్బాలో పెట్టి ఇచ్చేస్తే, తరగతిలో సగం పోగొట్టుకున్నట్టే.

పిడి మగ్నోలియా జాతి చెట్టు కర్ర. తేలిగ్గా ఉంటుంది, తడిచేతికి జారదు. దానికి చివర పొన్ను. అలుగు తోకని ఎర్రగా కాల్చి పిడి రంధ్రంలోకి దింపితే, కర్ర కాలి దానికి సరిపడా చోటు అదే చేసుకుంటుంది. పొగ వస్తుంది, సుత్తితో పిడి అడుగున నాలుగు దెబ్బలు, అయిపోయింది. పిడి పాడైతే ఊడదీసి కొత్తది వేసుకోవచ్చు.

ఆఖర్న పేరు చెక్కుతారు. సన్నని ఉలి పెట్టి చిన్న సుత్తితో కొడుతూ జరుపుతారు, గీతలన్నీ తిన్నగా వస్తాయి. జపనీస్ అక్షరాలకి అది సరిపోతుంది. నేను మా అమ్మ పేరు తెలుగులో రాసిచ్చాను. ఆయన ఆ కాగితాన్ని చాలాసేపు అటూ ఇటూ తిప్పి చూశారు. గుండ్రటి గీతలన్నింటినీ చిన్న చిన్న ముక్కలుగా విడగొట్టి, అలుగుని కొద్దికొద్దిగా తిప్పుతూ చెక్కారు. తలకట్టు కూడా వదల్లేదు. అమ్మ చూసి చదివింది. ఇప్పుడు ఆ కత్తి ఆవిడదే.

తెచ్చుకోవడం గురించి తొందరగా చెప్పేస్తాను. జపాన్‌లో 6 సెంటీమీటర్లు దాటిన అలుగుని సరైన కారణం లేకుండా వెంట పెట్టుకుని తిరగడం నేరం. కాబట్టి తరగతిలో ఇచ్చిన డబ్బా విప్పకండి, రసీదు దగ్గరుంచుకోండి, బస చేసే గదికి తిన్నగా వెళ్ళండి. రైళ్ళలో కూడా ప్యాకింగ్ లేని కత్తులకి అనుమతి లేదు. విమానంలో చెక్-ఇన్ సామాన్లలోనే పెట్టాలి, చేతిసంచిలో అసలు కుదరదు. బుక్ చేసేటప్పుడు మీ ఇంట్లో ఏం వండుకుంటారో చూసుకుని కత్తి రకం ఎంచుకోండి. కూరగాయలే ఎక్కువైతే నకిరి, అన్నీ కోస్తే సాంతోకు. చేపల కత్తి అందంగా ఉంటుంది కానీ మన పులుసు ముక్కలు ఎముకతో సహా కొట్టడానికి అది చేసింది కాదు.

ఇంటికొచ్చాక ఈ కత్తికి కొంచెం శ్రద్ధ కావాలి. ఇది స్టెయిన్‌లెస్ కాదు. నిమ్మకాయ, మామిడికాయ, టమాటా కోస్తే నల్లబడుతుంది. దానివల్ల నష్టం లేదు, ఆ నలుపే కొంతవరకు తుప్పునుంచి కాపాడుతుంది. ఎర్రటి తుప్పు మాత్రం రానివ్వకూడదు. కోయగానే కడిగి, పొడిగుడ్డతో తుడిచి పెట్టాలి. విశాఖ, కాకినాడ లాంటి సముద్రపు ఊళ్ళలో ఉండేవాళ్ళు రోజులతరబడి వాడకపోతే పల్చగా నూనె రాయాలి. కొబ్బరికాయ కొట్టడానికి, పనసకాయ కోయడానికి, గడ్డకట్టిన మాంసానికి దీన్ని వాడొద్దు. వాటికి మన కత్తిపీటలు, కొడవళ్ళు ఉన్నాయి, వాటి పని అవే బాగా చేస్తాయి. గ్రానైట్ గట్టుమీద కాకుండా చెక్కపలక మీద కోయండి.

ఇక ఆ 200 డిగ్రీల సంగతి. వీధిలోకి సైకిల్ చక్రంతో, మోటారు చక్రంతో వచ్చే సానపట్టేవాళ్ళ దగ్గరికి ఈ కత్తి తీసుకెళ్ళొద్దని నేను అందరికీ చెప్తాను. వాళ్ళ నైపుణ్యం మీద నాకు గౌరవమే. కత్తిపీటకి, మామూలు కత్తులకి వాళ్ళ పని సరిపోతుంది. కానీ వేగంగా తిరిగే పొడి చక్రం మీద పల్చని అంచు క్షణంలో 200 డిగ్రీలు దాటేస్తుంది. అంచున గడ్డిరంగు, తర్వాత గోధుమరంగు, తర్వాత నీలం తేలుతాయి. నీలం కనిపించిందంటే అక్కడ వేడి 300 డిగ్రీల దగ్గరికి వెళ్ళింది. ఎచిజెన్‌లో చీకటి చేసుకుని, బురద పూసి, రంగు చూసి తెచ్చిన గట్టిదనం ఆ మేరకు పోయినట్టే. పైకి కత్తి తళతళలాడుతుంది, వారంలో మొద్దుబారుతుంది. అలా అయితే నీలం పోయేదాకా ఆ అంచుని నీళ్ళ రాయి మీద అరగదీసేయడమే దారి. అందుకే ఇంట్లో ఒక 1000 నంబరు రాయి కొనుక్కోండి. మన ఊళ్ళలోనూ, ఆన్‌లైన్‌లోనూ దొరుకుతున్నాయి. నీళ్ళు, రాయి, మీ చెయ్యి ఉంటే చాలు, వేడి పుట్టదు.

అక్కడ బల్లమీద నానబెట్టిన రాయి, మీ ఇళ్ళనుంచి తెమ్మని చెప్పిన కత్తులు పెట్టి ఉంచాం. ప్రశ్నలుంటే పదును పెడుతూనే మాట్లాడుకుందాం. ముందు వరుసవాళ్ళు రండి, నలుగురు నలుగురు చొప్పున. పిల్లలు మాత్రం పెద్దవాళ్ళతో కలిసే రావాలి.